నేవెంకా గారి ఆపిల్ తొక్క

మూడేళ్ళ కిందట మార్చి నెలలో, లాస్ ఏంజిలెస్‌లో తీస్తున్న ఒక టీవీ సీరియల్‌కు నన్ను కంటిన్యూయిటీ సూపర్‌వైజర్‌గా వేశారు. ఇప్పుడు ఫ్రీమాంట్‌లో సాఫ్ట్‌వేర్ టెస్టింగ్ చేసుకుంటున్నాను. ముప్పై మూడేళ్ళకే ఒక వృత్తి నుంచి రిటైరయ్యానంటే మా ఆఫీసులో నవ్వుతారు.

ఆ ఉద్యోగంలో పని ఇది. ఒకే సన్నివేశాన్ని ముందు దూరం నుంచి, తరువాత ఒక్కొక్కరి వైపు నుంచి పలుమార్లు తీస్తారు. నటుడు ఏ మాట దగ్గర గ్లాసు ఎత్తాడో, అందులో ఎంత మిగిలిందో ప్రతిసారీ సరిపోవాలి. సరిపోకపోతే తెరమీద గ్లాసు దానంతటదే నిండుతుంది. తిట్లు నాకు పడతాయి.

ఆ వారం వచ్చిన నటి నేవెంకా గారు. క్రొయేషియాలో నాటకాలాడి అమెరికా వచ్చారు. ముప్పై ఏళ్ళుగా సినిమాల్లో, టీవీలో రష్యన్ అత్తగా, గ్రీకు వంటామెగా, ఏ దేశమో రచయితకే తెలియని మంత్రసానిగా వేశారు. క్రొయేషియా మనిషిగా మాత్రం ఒక్కసారీ వేయలేదు. మన అలవాటు కొద్దీ మొదటిరోజే "ఆంటీ" అనేశాను.

"మెల్లగా అనవయ్యా! డైరెక్టర్ వింటే ఇంకో పదేళ్ళ మేకప్ వేయిస్తాడు" అన్నారు.

ఆమెది హీరో పొరుగావిడ పాత్ర. ఒకే సన్నివేశం, మధ్యలో ఆమె నాలుగు వాక్యాల్లో చెప్పే పాత ముచ్చట. ఎపిసోడ్ నిడివి పెరిగితే ముందు పోయేవి అలాంటి వాక్యాలే. అవి పోతే పొరుగావిడకు కథలో పని ఉండదు, వచ్చే సీజన్‌కు పిలుపూ ఉండదు. ఆ సంగతి ఆమెకు నాకంటే బాగా తెలుసు.

రిహార్సల్‌లో ఆమె ఒక ఆపిల్ తీసుకుని తెగకుండా తొక్క తీయడం మొదలుపెట్టారు. సగానికి పైగా తొక్క ఆ నాలుగు వాక్యాల్లోనే ఊడుతోంది. అది వేలాడుతూ ఎదురుగా ఉన్న హీరో షాట్లలోనూ కనిపిస్తోంది.

"ఆంటీ, ప్రతి టేక్‌లో ఇదే మాటకు ఇంతే పొడవు రావాలి. వదిలేయండి, ప్లీజ్" అని బతిమాలాను.

"తియ్యడం నా పని, కొలవడం నీ పని. ఇంజనీరింగ్ చదివావట కదా, ఇన్నాళ్ళకు అక్కరకొచ్చింది."

డైరెక్టర్‌కు ఆ చేతిపని నచ్చింది. ఆ రోజు బుట్టెడు ఆపిల్స్ అయ్యాయి. ఏ టేక్‌లోనూ తొక్క మాట తప్పలేదు.

కొన్ని వారాల తరువాత అసిస్టెంట్ ఎడిటర్ కీర్తి ఫోన్ చేసింది. అమెరికాలోనే, ఫ్రిస్కోలో పెరిగిన తెలుగమ్మాయి.

"బ్రో, ఎపిసోడ్ లాంగ్ అయింది. ఆంటీ లైన్స్ కట్ చేయమన్నారు. కట్ చేస్తే బెత్తెడు తొక్క సడన్‌గా మూరెడు అవుతోంది! తొక్క లేని షాట్ ఒక్కటైనా ఉందా?"

"హీరో క్లోజప్ చూశావా?"

"అందులో కూడా కింద ఊగుతోంది."

"అయితే లేదు."

"కావాలనే చేసిందా ఏంటి?"

"ముప్పై ఏళ్ళుగా చేస్తున్నారనుకుంటా" అన్నాను.

చివరికి హీరో కారు నడిపే షాట్లు కుదించారు. ఆమె వాక్యాలు నాలుగూ నిలిచాయి, వచ్చే సీజన్‌కు పిలుపూ వచ్చింది. అభినందించడానికి ఫోన్ చేస్తే, ఈసారి స్వెట్టర్ అల్లబోతున్నానని, కొలతటేపు కొనుక్కోమని చెప్పారు.

చిన్న పాత్ర ఎడిటింగ్‌లో నిలవాలంటే మంచి నటన ఒక్కటే చాలదు. ఆ నటి చేసే పని ఎదుటివారి షాట్‌లోకీ వెళ్ళాలి, ప్రతి టేక్‌లోనూ ఒకేలా ఉండాలి. ఒక్క టేక్‌లో మరిచిపోయినా, ఎడిటర్ ఆ టేక్‌నే వాడుకుని వాక్యాలు తీసేస్తాడు.