బోర్లించిన గ్లాసు

నా చిన్నప్పుడు అని నేను మొదలుపెడితే మా చెల్లెలు నవ్వుతుంది. నిన్నగాక మొన్నటి సంగతికి అంత పెద్ద మాటెందుకని దాని వెక్కిరింపు. ఈ ఇంటి పిల్లల్లో పెద్దదాన్ని నేను, రేపోమాపో కాలేజీకి వేరే ఊరు వెళ్లబోతున్నాను, కాబట్టి ఆ మాట అనే హక్కు నాకు వచ్చేసిందనే అనుకుంటాను. పైగా ఈ సంగతి జరిగిన రోజు చెల్లెలు ఇంకా పళ్లు ఊడే వయసులో ఉంది. దానికి గుర్తున్నది ఆమ్లెట్ ఒక్కటే.

అది కరోనా వచ్చిన రెండో ఏడు. అబుదాబిలో, మహమ్మద్ బిన్ జాయెద్ సిటీలో ఒక విల్లా పై భాగంలో అద్దెకు ఉండేవాళ్లం. బడి ఇంకా ఇంట్లోనే, భోజనాల బల్ల మీద, లాప్‌టాప్‌లో. ఆ ఎండాకాలంలో మా పెద్దబాపు, అంటే మా బాపు వాళ్ల అన్న, ఒక చిన్న సూట్‌కేసుతో మా ఇంటికి వచ్చాడు. అఫ్ఘానిస్థాన్‌లో అమెరికా సైనికుల బేస్‌లో ఆయన ఏళ్ల తరబడి వంటవాడు. బేస్ మూసేశారు, పనివాళ్లను దుబాయ్ తెచ్చి వదిలేశారు.

పెద్దబాపు ఆమ్లెట్ వేస్తే సైనికులు పళ్లేలు పట్టుకుని బారులు తీరేవారని బాపు మాకు ఎప్పుడూ గొప్పగా చెప్పేవాడు. అందుకే ఆయన వచ్చిన మర్నాటి నుంచి నేను వెంటపడ్డాను. "రేపు చేస్త బిడ్డా" అనేవాడు. ఆ రేపు రాలేదు. అసలాయన స్టవ్ దగ్గరికే వెళ్లేవాడు కాదు. అమ్మ పెట్టింది తిని, కంచం కడుక్కుని, టీవీ ముందు కూర్చునేవాడు. టీవీలో అఫ్ఘానిస్థాన్ విమానాశ్రయం, గోడలెక్కే జనం, కదిలే విమానం. చూసినంతసేపూ చూసి లేచిపోయేవాడు.

ఇంట్లో పెద్దవాళ్ల గుబులు వేరే. దుబాయ్ దగ్గర జెబెల్ అలీలో ఒక కంపెనీ మెస్‌కు వంటవాడు కావాలి. అక్కడి ముదీర్, అంటే మేనేజరు, బాపుకు తెలిసినవాడు, మీ అన్న కోసం కొన్నాళ్లు ఆగుతాను అన్నాడు. పెద్దబాపు వచ్చింది విజిట్ వీసా మీద, దాని గడువు దగ్గరపడుతోంది. జగిత్యాలలో ఆయన కూతురు నర్సింగ్ చదువు మధ్యలో ఉంది. ఊ అంటే చాలు, పని ఆయనదే. ఆయన మాత్రం "చూద్దాం తీ" అనేవాడు. హెడ్‌ఫోన్లు పెట్టుకుని క్లాసు వింటున్నట్టు నటిస్తూ ఈ మాటలన్నీ నేను వినేదాన్ని. బాపు విసుక్కునేవాడు. అమ్మ మాత్రం, ఆ మనిషి కడుపులో ఏదో ఉంది, తొందరపెట్టకు అనేది.

అంతలో పెత్రమాస వచ్చింది. చనిపోయిన పెద్దలకు అన్నం పెట్టుకునే అమావాస్యను మా వైపు అలా అంటాం. అమ్మ పొద్దున్నే లేచి వండింది. తాతయ్య ఫోటో ముందు బాపు బనియాస్ బజారు నుంచి తెచ్చిన అరిటాకు పరిచి, పెద్ద కొడుకు కాబట్టి పెద్దబాపు చేతనే వడ్డన చేయించింది. ఆయన తలస్నానం చేసి, తాతయ్యకు ఇష్టమైనవన్నీ ఓపిగ్గా వడ్డించి దండం పెట్టుకున్నాడు. అంతవరకూ ప్రతి ఏడూ జరిగేదే.

ఆ తర్వాత ఆయన వంటింట్లోకి వెళ్లి ఒక స్టీలు పళ్లెం, గ్లాసు తెచ్చాడు. పళ్లెం తాతయ్య ఆకుకు కొంచెం ఎడంగా ఖాళీగా పెట్టి, అందులో ఒక నిమ్మకాయ ముక్క, చిటికెడు ఉప్పు ఉంచాడు. పక్కన గ్లాసు బోర్లించాడు. అమ్మ ముఖం మారిపోయింది. "పెద్దలకు పెట్టే పూట ఖాళీ పళ్లెం పెడ్తరా బావా, గ్లాసు బోర్లిస్తరా" అంది. అన్నది కోపంతో కాదు, భయంతో.

అప్పుడు చెప్పాడు పెద్దబాపు. సైనికుల బేస్‌లోని మెస్‌లో తలుపు పక్కన ఎప్పుడూ ఒక చిన్న బల్ల ఉండేదట. తెల్లగుడ్డ, ఒకటే కుర్చీ, ఖాళీ పళ్లెం, నిమ్మముక్క, ఉప్పు, బోర్లించిన గ్లాసు. యుద్ధానికి వెళ్లి తిరిగిరాని వాళ్ల కోసమని తెలియక ఆయన మొదటిరోజు గ్లాసు సరిగ్గా నిలబెట్టి నీళ్లు పోశాడు. ఎవరి కోసమో తెలిశాక, మనవాళ్లకు పెట్టినట్టే వాళ్లకూ పెట్టాలనుకుని పళ్లెం నిండా అన్నం, కోడికూర పెట్టాడు. ఒక ముసలి సార్జెంటు వచ్చి తిట్టకుండా చెప్పాడట, వాళ్లు తినలేరు, తాగలేరు, అందుకే ఖాళీ అని. అప్పటినుంచి ఆ బల్ల తుడవడం కూడా ఆయన పనే అయింది.

కొన్నాళ్లకు ఒక కుర్ర సైనికుడు ఆయనకు మాలిమి అయ్యాడు. మీసం కూడా సరిగా రాని పిల్లవాడు, ఆమ్లెట్‌లో ఉల్లిపాయ ఎక్కువ, మిరపకాయ వద్దు అనేవాడు. ఒకరోజు కౌంటరు మూశాక వచ్చాడు. పెద్దబాపు అప్పటికే పొద్దుటి నుంచి నిలబడి ఉన్నాడు, కాళ్లు పీకుతున్నాయి. స్టవ్ బంద్ చేశానన్నాడు. ఆ పిల్లవాడు నవ్వి, రెండు అరటిపళ్లు జేబులో పెట్టుకుని వెళ్లాడు. సైనికుల బండ్లు గస్తీకి వెళ్లాయి. అతని బండి తిరిగిరాలేదు.

"పెనం వేడిగనే ఉండె" అన్నాడు పెద్దబాపు. "గుడ్లు చేతి కిందనే ఉండె. నేనే పొమ్మన్న."

ఆ తర్వాత అక్కడ ఏళ్లపాటు అదే పెనం ముందు నిలబడ్డాడు. ఎప్పుడు ఎవరొచ్చినా లేదనలేదు. వాళ్లంతా ఉన్నంతకాలం ఏదో తీర్చుకుంటున్నట్టే ఉండేదట. ఒక్కసారిగా అంతా ఖాళీ చేసి వెళ్లిపోయాక, ఆ పిల్లవాడు దేనికి పోయాడో, తాను ఎవరికి తీర్చుకున్నాడో తెలియలేదు. మళ్లీ పెనం ముందు నిలబడితే అతనే వచ్చి నిలబడినట్టు ఉంటుందని, అందుకే జెబెల్ అలీ మాటెత్తితే చెయ్యి ఆడట్లేదని చెప్పాడు.

బాపు తల దించుకున్నాడు. నాకు నా సైకిల్ గుర్తొచ్చింది. అది పెద్దబాపు కొనిపెట్టిందే. అంతమంది ఏ యుద్ధానికి వెళ్లి పోయారో ఆ యుద్ధమే మా ఇంటికి సైకిల్ తెచ్చింది. ఆ అఫ్ఘాన్ దేశం వాళ్లలో పోయినవాళ్లకు ఎవరు అన్నం పెట్టారని కూడా అడగాలనిపించింది. ఆయన ముఖం చూసి అడగలేకపోయాను. ఇప్పటికీ అడగలేదు.

అమ్మే అందుకుని, "అది వాళ్ల పద్ధతి బావా, మంచిదే. కాని మనింటికి పిలిచి ఖాళీ పళ్లెం ముందట కూసోబెట్టం గద. ఆ పిలగాడు ఏం తింటడో మీకే ఎరుక" అంది. అని, ఫ్రిజ్ తీసి గుడ్లు బయటపెట్టింది.

పెద్దబాపు లేవడానికి కొంత సమయం పట్టింది. లేచాడు. స్టవ్ వెలిగించాడు. ఆయన ఉల్లిపాయ తరుగుతుంటే మేమెవ్వరం దగ్గరికి వెళ్లలేదు. ఆమ్లెట్ తెచ్చి పళ్లెంలో పెట్టాడు. ఉల్లిపాయ ఎక్కువ, మిరపకాయ లేదు. తర్వాత గ్లాసు వైపు చెయ్యి చాచి ఆగిపోయాడు. కాసేపటికి దాన్ని తిప్పి నిలబెట్టి, నిండా నీళ్లు పోశాడు. మొదటిరోజు తెలియక చేసిన పనినే ఈసారి తెలిసి చేశాడు. అప్పుడు ఏడ్చాడు.

ఆ వారమే జెబెల్ అలీ వెళ్లి పనిలో చేరాడు. అక్కడ పనివాళ్లను తెచ్చే కంపెనీ బస్సులన్నీ వచ్చేదాకా పెనం కింద మంట ఆర్పడని, గ్యాస్ వృథా అని ముదీర్ గొణుగుతాడని బాపు చెబుతాడు. ఆయన బాధ తగ్గిందా అంటే లేదనే అంటాను. ఒకసారి నేనే ధైర్యం చేసి అడిగితే, "తగ్గుడెందుకు బిడ్డా, ఉండనీ" అన్నాడు.

ప్రతి పెత్రమాసకూ తాతయ్య ఆకు పక్కన ఆ పళ్లెం ఉంటుంది. ఆ పిల్లవాడి పేరు పెద్దబాపుకు తెలుసు, చొక్కా మీద రోజూ చూసేవాడట. మాకు చెప్పలేదు. పోయినేడు ఆయనకు సెలవు దొరక్కపోతే ఆమ్లెట్ నేను వేశాను. పళ్లెంలో పెట్టి, గ్లాసు తిప్పి, నీళ్లు పోసి, ఏ పేరుతో పిలవాలో తెలియక అలాగే కూర్చుండిపోయాను. చివరికి, ఆలస్యమైంది, ఏమీ అనుకోకు, తిను అన్నాను.