జయరామప్ప తోలిన నీళ్ళ లారీ

ముందు బిందెలు మోగేవి. దారిపక్కన వరుసగా పెట్టిన ఖాళీ బిందెలు వణికి, ఒకదానికొకటి తగిలి ఖంగుమనేవి. తర్వాత దుమ్ము. దుమ్ములోంచి నీళ్ళ లారీ. లారీలో హెల్మెట్ పెట్టుకున్న జయరామప్ప. ఆయన దగ్గర అనకూడని మాట ఒకటే: "మెల్లగా".

అన్నారా, అయిపోయారే. "మెల్లగా పోవాలంటే ఎద్దులబండి ఎక్కుపో! నేను రేసుల్లో తోలినోణ్ణప్పా!"

తోలింది నిజమే. బెంగుళూరులో మెకానిక్‌గా ఉన్నప్పుడు ఓనరు కారుతో మద్రాసు రేసుల్లో మూడుసార్లు దిగాడు. మొదటిసారి ఇంజను అంటుకుంది. రెండోసారి చక్రం ఊడి, ఆయన్ను వదిలేసి ఒక్కటే గెలుపు గీత దాటింది. మూడోసారి ఆయన దాటేసరికి జనమంతా ఇళ్ళకు పోయారు. "నేను ఓడినట్టు సాక్ష్యం యాడుండాది?" అని దానికీ కోపమే.

ఎనభై అయిదు కరువు. శెనక్కాయ చేలు మాడిపోయాయి. ఆకాశం తోమి బోర్లించిన సత్తుగిన్నెలా ఉండేది. వై.ఎన్.హొసకోటలో నింపిన ట్యాంకు నాలుగు పల్లెలు తిరిగి, చివరికి నిడుగల్లు కొండ కింది మా ఊరికి వచ్చేది. ఒకరోజు మారక్క కోడి చక్రం కింద పడింది.

"నా కోడి!"

"రోడ్డు దాటేటప్పుడు చూసుకోవద్దా అది?"

మాకు ఒళ్ళు మండింది. ఊరి పంతుల్ని కాబట్టి పావగడ తాలూకా ఆఫీసుకు అర్జీ నేనే రాశాను. లారీ కంట్రాక్టరు ఆయన్ను తీసేసి రామాంజినప్పను పంపాడు. బంగారంలాంటి మనిషి. మేకలకు కూడా దారిచ్చేవాడు. మొదటిరోజు సగం బిందెలే నిండాయి. రెండోరోజు అయిదు. మూడోరోజు కొళాయి తిప్పితే ఉస్సుమని గాలి.

"నింపుకోనే వస్తిని సామీ!" అని రామాంజినప్ప ఏడుపుమొహం పెట్టాడు.

"దోవ చూడండప్పా," అంది మారక్క.

వచ్చిన దారంతా దుమ్ములో సన్నటి తడిగీత. దానివెంబడి పిచ్చుకలు. ట్యాంకు కింద చెయ్యి పెడితే చిల్లు తగిలింది, చుట్టూ అరిగిపోయిన సబ్బు.

ఊరంతా జయరామప్ప ఇంటికి నడిచాం.

"చిల్లుందని మొదులే చెప్పొచ్చు గదన్నా?" అంది మారక్క.

"చెప్తే? కారిపోతాదని ముందూళ్ళోళ్ళు ఉన్నదంతా ఆడనే దింపుకొంటారు. మీకేం మిగుల్తాది, నా తలకాయ! దినామూ సబ్బు కూరి, ఊడిపోయేలోపల వచ్చి పడతాంటి!"

"మరి నా కోడి?"

"కోడి ఒకటే గదక్కా! బిందెలు నలభై!"

ఆ సాయంత్రమే పావగడ వెళ్ళి అర్జీ వెనక్కి తీసుకున్నాను. మర్నాడు బిందెలు మోగాయి. ఆ తర్వాత రెండేళ్ళు మా ఊరికి నీళ్ళు తెచ్చాడు గానీ, నావైపు ఒక్కసారీ చూడలేదు. ఆరోజు తన ఇంటి గడప మీద నిలబడి అరిచిందే నాతో ఆయన ఆఖరి మాట:

"అయివారూ! నీ అక్షరాలు ముత్యాల మాదిరి ఉండాయంటనే! ఇంగో అర్జీ రాయి. ఆ చిల్లుకు వెల్డింగు చేయించమని రాయి!"