కత్తెరకు పని లేని వారం

ముందు కత్తెర చప్పుడు వినిపించింది. కచ్ కచ్ కచ్... జుట్టు మీద కాదు, గాలి మీద. తల దొరికేదాకా ఆ కత్తెర ఊరుకోదు, వినేవాడు దొరికేదాకా దాని యజమాని ఊరుకోడు. తలుపు తోస్తే, వెలుగు నురగలా పరుచుకున్న అద్దం ముందు, భుజాన తువ్వాలుతో పొట్టిగా ఆయన. వీధి మొత్తానికీ కబుర్ల బాబాయి.

వీధి వెడల్పు చేస్తున్నారు. సోమవారం ఈ వరస కొట్లన్నీ పడగొడతారు. ఈలోగా ఈ కటింగ్ షాపు రోజు ఎలా గడుస్తుందో ఉన్నదున్నట్టు సినిమా తీయాలని కెమెరా అమ్మాయి వారంగా మూలన నిలబడుతోంది. ఎవరినీ ఏమీ చేయమనదు. చూస్తుంది, అంతే.

చూడ్డానికే ఏమీ లేదు. సినిమాలో పడతామని తెలిసి, జనం ముందే పక్క వీధిలో నున్నగా క్షవరం చేయించుకుని, ఇస్త్రీ చొక్కాలతో వచ్చి కుర్చీ ఎక్కుతున్నారు!

శనివారం రొట్టెల కొట్టాయన కొత్త పెళ్లికొడుకులా దిగాడు. బాబాయి దువ్వెనతో ఆయన తలంతా వెతికాడు.

"ఏం కత్తిరించాలి బావా? చెవులా?"

"ఊరికే ఆడించు బావా, కెమెరాకేం తెలుస్తుంది!"

"ఇన్నాళ్లూ నా చేత చేయించుకుని, ఆఖరి వారం పక్కవాడికి తలొంచావా? ద్రోహీ!"

అమ్మాయి కెమెరా మీంచి తలెత్తింది. ఎల్లుండికి కొట్టే ఉండదు. తన దగ్గర మిగిలేదంతా వేషాలే. వాడిపోయిన ఆ ముఖాన్ని బాబాయి అద్దంలో చూశాడు.

"అమ్మాయ్, నీ జడ కొసలు ఎలుకలు కొరికినట్టున్నాయి. రా, కూర్చో."

"నేనా? మరి కెమెరా ఎవరు పట్టుకుంటారు బాబాయ్?"

"దాన్ని ఆ పౌడరు డబ్బా పక్కన పెట్టు. పారిపోదులే."

తిరుగుతున్న కెమెరాను ఆపకుండా అక్కడ పెట్టి కూర్చుంది. క్షణంలో వార్త పొక్కింది. గుమ్మం నిండా జనం.

"చెవి జాగ్రత్త తల్లీ!" అన్నాడు రొట్టెల కొట్టాయన.

"ఇంకాస్త పొట్టిగా తియ్యి!" అన్నాడు తాళాలాయన. కెమెరాకు జడిసి వారంగా ఇటు తొంగిచూడనివాడు.

"నీ తల చూసుకోవోయ్, పిచ్చుకలు కాపురం పెట్టేలా ఉంది. తర్వాత నువ్వే!" అన్నాడు బాబాయి.

అందరూ పగలబడి నవ్వారు. అప్పుడు ఆమె అద్దంలో గమనించింది: నవ్వొస్తే బాబాయి కత్తెరను తల మీంచి దూరంగా, పైకి ఎత్తి పట్టుకుంటాడు. నవ్వు పూర్తిగా ఆరాకే దించుతాడు. మూలన నిలబడ్డ వారంలో ఆయన ఒక్కసారీ ఇలా నవ్వలేదు. పౌడరు డబ్బా పక్కన ఉన్నదాన్ని అందరూ మరిచిపోయారు. నేల మీద జుట్టు చినుకుల్లా రాలుతూనే ఉంది.

సాయంత్రం ఆమె కెమెరా సర్దుకుంది. బాబాయి తువ్వాలు దులిపాడు.

"నెల తిరిగేసరికి మళ్లీ పెరుగుతుంది. కొట్టు ఎక్కడ పెట్టానో వెతుక్కుంటూ వచ్చెయ్. కెమెరా మర్చిపోయినా ఫర్వాలేదు, తల మాత్రం తెచ్చుకో."