పదహారు కిలోమీటర్లు, ఒక మోకాలు

ముందే ఒప్పుకుంటున్నాను, నేను పెంచి చెప్తాను. చినుకు పడితే వరద అంటాను, ఇద్దరు వస్తే జాతర అంటాను. మా సూరత్‌లో, ఖటోదరా గల్లీల్లో ఈ సంగతి చంటిపిల్లలకు కూడా తెలుసు. ఈ కథనంలో కూడా అక్కడక్కడా గాలి కొట్టాను. అయితే మీలో ఎవరైనా ఈ దారిన పోవాలనుకుంటే బస్సుల, పడవల టైములు మాత్రం నమ్మొచ్చు. అవి టికెట్ల మీద అచ్చయి ఉన్నాయి కాబట్టి పెంచడానికి వీలు కాలేదు.

మాకు ఖటోదరాలో సాంచెలు ఉన్నాయి. సాంచెలంటే పవర్‌లూములు. మాకు దారం అమ్మే ఏజెంటు, ఏడాదిలో ఇంత సరుకు ఎత్తినవాళ్లకు గ్రీసు దేశం చూపిస్తానని స్కీము పెట్టాడు. ఎత్తాం. నాకూ, నా భార్య భాగ్యకూ రెండు టికెట్లు వచ్చాయి. అదే వారంలో భాగ్య కుడి మోకాలి ఎక్స్‌రే కూడా వచ్చింది. ఆ ఫిల్ము చూసి డాక్టరు కుర్చీలోంచి లేచి నిలబడ్డాడు. కాంపౌండరును పిలిచి చూపించాడు. గుజ్జు మొత్తం అరిగిపోయింది, మోకాలు మార్చాల్సిందే అన్నాడు. గ్రీసు నుంచి వచ్చిన నాలుగో రోజుకు ఆపరేషన్ ఖాయం చేశాడు.

ఏజెంటు ఇచ్చిన కాగితంలో క్రీట్ అనే దీవిలో ఒక రోజు మన ఇష్టమని రాసి ఉంది. సముద్రస్నానం ఒకటి, బజారు ఒకటి, గైడుతో సమరియా లోయ నడక ఒకటి. నడక పదహారు కిలోమీటర్లు. బార్డోలీ నుంచి సూరత్ వచ్చే బస్సు సగం దారిలో మనల్ని దింపేసి పోతే మిగిలేంత దూరం. భాగ్య నడక మీద టిక్కు పెట్టింది.

"పిచ్చి లేసిందా?" అన్నాను.

"ముప్పయ్యేండ్లు సాంచెల నడుమ తిరిగిన కాలు ఇది. ఎన్నడన్న ఇరవై అడుగులు దాటి సక్కగ పోయిందా? మలుగుడు, వచ్చుడు, మలుగుడు, వచ్చుడు. కోసేటోని చేతుల పెట్టేముందు ఒక్క దినం దీన్ని సక్కగ నడిపిస్త."

ఆమె మాటకు ఒప్పుకుని పక్కన నేనూ ఒక టిక్కు పెట్టాను. ఇది జరగడం పెళ్లయ్యాక రెండోసారి.

సూరత్‌లో పొద్దున రైలెక్కి ముంబై, అక్కడి నుంచి విమానం, గల్ఫ్‌లో మరో విమానం, ఏథెన్స్‌లో ఇంకో చిన్న విమానం. చివరిదాంట్లో నా మోకాళ్లు ముందు సీటాయన చెవులకు తగిలాయి. క్రీట్‌లో చానియా అనే ఊళ్లో దిగేసరికి మా సంచిలో సర్వపిండి రాయి అయ్యింది. కస్టమ్స్ అధికారి దాన్ని చేత్తో తూచి, ఇల్లు కట్టడానికా అన్నట్టు చూసి, వదిలేశాడు.

నడక రోజు ఉదయం అయిదూ నలభై అయిదుకు హోటల్ ముందుకు బస్సు వచ్చింది. మా గుంపులో మాతో మాట్లాడేవాడు ఒక్కడే, హస్ముఖ్‌భాయ్. సూరత్‌లోనే కతర్‌గామ్‌లో వజ్రాలు సానపట్టే కార్ఖానా ఆయనది, స్కీములో కాకుండా సొంత డబ్బుతో వచ్చాడు. మెడలో వజ్రాలు చూసే భూతద్దం వేలాడుతూ ఉంటుంది. స్నానానికి కూడా తీయడని వినికిడి. ఆయన తెచ్చిన థేప్లాలు, అంటే గుజరాతీ మెంతిరొట్టెలు, ఆ లోయలో ఊరు కట్టుకుని బతికేవాళ్లకు కూడా ఒక ఏడాది సరిపోతాయి.

బస్సు కొండ ఎక్కింది. మలుపులు నాలుగు వేలదాకా లెక్కపెట్టి తర్వాత కళ్లు మూసుకున్నాను. ఏడుంబావుకు లోయ పై గేటు. చలి. గేటు టికెట్, పడవ టికెట్ విడిగా కొనాలి, బస్సు టికెట్లో రావు. గైడు పేరు మనోలిస్. యాభై దాటినవాడు, మీసం మీద రెండు పిచ్చుకలు విడివిడిగా కాపురం పెట్టొచ్చు. ఆయన ఇంగ్లీషూ మా ఇంగ్లీషూ ఒకే తరగతిలో ఆగిపోయాయి కాబట్టి ఒక్క ముక్క పొల్లుపోకుండా అర్థమైంది. దారి ఒక్కటే, కిందికే. మధ్యలో రోడ్డు లేదు, ఆటో లేదు. టికెట్ పారేయొద్దు, కింది గేటు దగ్గర చూపించాలి, లేదంటే మీరు లోయలోనే ఉన్నారనుకుని వెతుకుతారు. ఆఖరి పడవ సాయంత్రం అయిదున్నరకు. అది తప్పితే రాత్రి అక్కడే.

చివరగా భాగ్య మోకాలి పట్టీ చూసి ఇంకో మాట చేర్చాడు. "నడవలేనివాళ్లను అడవి కాపలావాళ్లు కంచరగాడిద మీద దింపుతారు. గాడిద మంచిది. సిగ్గుపడాల్సింది ఏమీ లేదు."

భాగ్య నా వైపు తిరిగి తెలుగులో అంది. "ఆ గాడిద మీద ఆయన్నే ఎక్కుమను."

మొదటి గంటన్నర అంతా రాతిమెట్లు, పక్కన చెక్క కంచె. దేవదారు చెట్లు మీద నుంచి వంగి చూస్తున్నాయి. కిందికి దిగడం సులువని అనుకునేవాళ్లకు ఒక మాట. ఎక్కేటప్పుడు ఊపిరి ఏడుస్తుంది, దిగేటప్పుడు మోకాలు ఏడుస్తుంది. భాగ్య ప్రతి మెట్టు దగ్గరా ముందు కర్ర, తర్వాత ఎడమకాలు, ఆ తర్వాత పుట్టినిల్లు విడిచి వస్తున్నట్టు కుడికాలు. హస్ముఖ్‌భాయ్ వంగి ఒక గులకరాయి తీసి, భూతద్దంలో చూసి, "మాల్ సారా నథీ," సరుకు బాగాలేదని పెదవి విరిచి పారేశాడు. ఇట్లా ఆ రోజు ఆయన నాలుగు లారీల రాళ్లు తిరస్కరించాడు.

తొమ్మిదిన్నరకు ఒక ఊట దగ్గర సీసాలు నింపుకున్నాం. నీళ్లు మోయక్కర్లేదు, దారి పొడుగునా ఊటలున్నాయి. అక్కడ ఒక ఇబ్బంది వచ్చింది. సాంచెల మోతలో బతికినవాళ్లం, మా మామూలు గొంతే కేక. "భాగ్యా, థేప్లా తింటవా?" అని నెమ్మదిగా అడిగాను. అవతల కూర్చున్న తెల్లజంట కొండ విరిగిపడుతోందనుకుని బండ కిందికి దూరింది. మనోలిస్ పెదాల మీద వేలు పెట్టుకున్నాడు. ఆ తర్వాత నేను గుసగుసలాడాను. అది పావు కిలోమీటరే వినిపించింది.

పదకొండూ నలభైకి లోయ మధ్యలో పాత ఊరు. జనం ఖాళీ చేసిన రాతి ఇళ్లు, బల్లలు, నీడ. ఆ నీడలోనే కంచరగాడిద కట్టేసి ఉంది. భాగ్యను చూసి చెవులు నిక్కించింది, గిరాకీని గుర్తుపట్టినట్టు. మనోలిస్ అడిగాడు, "ఇక్కడ ఆగిపోదామా? సగం నడవడం కూడా గొప్పే."

"సగం నడిచెటందుకు సూరత్‌ల జాగ లేకనా?" అని భాగ్య కర్ర తీసుకుని లేచింది. గాడిద ముందు నుంచి దాని మొహం చూడకుండా పోయింది. కానీ ఆ లేవడంలో ఆమె నా భుజాన్ని ఎంత గట్టిగా పట్టుకుందో నాకు తెలుసు.

ఊరు దాటాక దారి ఏటిలోకి దిగింది. అన్నీ కాలికింద దొర్లే రాళ్లు. గోడలు రెండువైపులా దగ్గరికొస్తున్నాయి, మధ్యలో గాలి హోరు. ఒంటిగంటకు నేనూ మనోలిస్ ఒక వంపు దగ్గర ఆగి వెనక్కి చూశాం. భాగ్య రెండు వందల అడుగుల వెనక, ఏటికి అవతల, ఒక బండ మీద చేయి ఆనించి నిలబడిపోయింది. అయిదు నిమిషాలు గడిచాయి. కదలలేదు.

మనోలిస్ జేబులోంచి వైర్‌లెస్ తీశాడు. "గాడిదను పిలుస్తాను. ఇక్కడినుంచే పిలవాలి. ముందుకెళ్తే ఇరుకు, అక్కడికి రావడం ఆలస్యమవుతుంది. పడవ ఆగదు."

"ఆగు. ఆమెను అడగాలె."

"ఎట్లా అడుగుతావు? గాలికి వినిపించదు."

ఇక్కడ మా పనిలో ఒక సంగతి చెప్పాలి. సాంచెల షెడ్డులో నోరు పనికిరాదు, అన్నీ చేతులే. రెండు వేళ్లు కత్తెరలా ఆడిస్తే పోగు తెగింది. అరచేయి కిందికి నొక్కితే బంద్ చెయ్యి. వేలు గాల్లో గుండ్రంగా తిప్పితే నడుస్తోంది, ముట్టుకోవద్దు. షెడ్డు ఆ కొన నుంచి ఈ కొనకు ఇట్లాగే ముప్పయ్యేళ్లు సంసారం కూడా చేశాం. నేను చేయెత్తి అడిగాను. అవతల భాగ్య చెయ్యి లేచింది. వేలు గుండ్రంగా తిరిగింది.

"ఏమంటోంది?" అన్నాడు మనోలిస్.

"నడుస్తున్నది, ముట్టుకోవద్దు అంటున్నది."

మనోలిస్ నన్ను చూశాడు, ఆమెను చూశాడు, మీసం నమిలాడు. వైర్‌లెస్ జేబులో పెట్టుకున్నాడు. భాగ్య బండ మీంచి చేయి తీసింది.

రెండింటికి ఇరుకు వచ్చింది. రెండువైపులా ఆకాశం దాకా గోడలు, మధ్యలో నలుగురు చేతులు చాపితే నిండిపోయేంత దారి. అందరూ ఫొటోలు తీసుకుంటూ ఎంత ఇరుకో అని గుడ్లు తేలేశారు. మా షెడ్డులో సాంచెకూ సాంచెకూ నడుమ సందుతో పోలిస్తే అది పెళ్లిపందిరి. భాగ్య గోడకు వేళ్లు తాకిస్తూ, సాంచెలు చూసుకుంటూ నడిచినట్టు నడిచింది. ఆ ముక్కంతా కర్ర చంకలోనే ఉంది.

మూడూ యాభైకి కింది గేటు, టికెట్ చూపించాం. నాలుగున్నరకు సముద్రం. ఆ సముద్రానికి అవతల ఆఫ్రికా అట, నాకు ఒంటె ఒకటి కనిపించింది. భాగ్య చెప్పులు విప్పి నీళ్లలో మోకాలిదాకా దిగి నిలబడింది. మనోలిస్ వచ్చి ఆమె కర్ర తీసుకుని, "ఇంక ఇది అక్కర్లేదు," అన్నాడు. అయిదున్నరకు పడవ, తర్వాత బస్సు, తొమ్మిదికి హోటల్.

తిరుగు ప్రయాణంలో ముంబై నుంచి సూరత్ రైల్లో కూర్చుని ఇదంతా రాశాను. నవసారి దాటుతుండగా భాగ్య కాగితాలు లాక్కుని చదవడం మొదలుపెట్టింది. ఒంటె దగ్గర నవ్వింది. తర్వాత మళ్లీ మొదటికి తిప్పింది.

"మోకాలు ఎవలదయ్యా?" అంది.

నేను కిటికీలోంచి చూశాను.

"నేనెప్పుడు సాంచెలు నడిపిన? కూసుండి దారం కండెలు చుట్టిన. పట్టీ ఎవల కాలికుంది? ఇప్పుడన్న జర సూడు."

పట్టీ నా కాలికే ఉంది. కాబట్టి చెప్పేస్తున్నాను. మీసం, మలుపులు, రాళ్ల లారీలు కొంచెం పెంచాను. అచ్చంగా కల్పించింది మాత్రం ఒక్కటే. ఆ మోకాలు నాది. టిక్కు పెట్టింది నేను. కోసేముందు ఒక్క దినం సక్కగ నడిపిస్త అన్న మాట నాది, చెప్పుకోవడానికి సిగ్గేసి ఆమె నోట్లో పెట్టాను. గాడిద మొహం చూడకుండా పోయింది నేను. ముందు మనోలిస్‌తో నిలబడింది ఆమె, వెనక బండ పట్టుకుని నిలబడింది నేను.

అయితే ఒక సంగతి నాకూ అర్థం కాలేదు. వేలు తిప్పింది ఈ రాతలోనే, ఆ బండ దగ్గర నేను తిప్పలేదు. అరచేయి కిందికి నొక్కాను. మూడుసార్లు. బంద్, బంద్, బంద్. అయినా మనోలిస్ వైర్‌లెస్ జేబులో ఎందుకు పెట్టుకున్నాడు?

"ఆయనకు ఏం చెప్పినవ్?" అని అడిగాను.

"నడుస్తున్నది, ముట్టుకోవద్దంటున్నడని చెప్పిన."

"అబద్ధం గదా!"

"నడిచినవ్ గదా. అబద్ధమెట్లయితది?"

కాగితాలు నా ఒళ్లో పడేసి సంచులు దించడానికి లేచింది. సూరత్ స్టేషన్‌లో మెట్ల పక్కనే ఎస్కలేటర్ ఉంది. ఆమె రెండు సంచులూ తీసుకుని దాని మీద పోయింది. నేను మెట్లెక్కాను. నూట యాభై మెట్లు. సరే, ముప్పై రెండు.