పత్తి వాళ్లింటి పువ్వు

దర్శి సైన్సు మాస్టారు పోయారని నాకు చెప్పింది బస్సు కండక్టరు. గుంటూరు బస్టాండులో దర్శి బస్సెక్కబోతుంటే, "మీ మాస్టారు పోయారుగా, మీకు తెలీదా అమ్మా?" అన్నాడు. చుట్టాలెవరూ రాలేదట. తోటి మాస్టార్లే మోశారట. నాకు ముందు ఏడుపు రాలేదు, కోపం వచ్చింది. ఒక్క కబురు పంపలేకపోయారా అని. అయినా నేను ఆయనకి ఏమవుతానని పంపుతారు?

ఆంధ్ర రాష్ట్రం వచ్చిన కొత్తలో ఆ ఊరి హైస్కూల్లో లెక్కలు చెప్పడానికి వెళ్లాను. మాది తాడేపల్లి. కృష్ణ ఒడ్డున పెరిగినదాన్ని, ఆ మెట్టచేలు చూస్తేనే నా గొంతు ఎండిపోయేది. పలకరించే మనిషి లేడు. నెల తిరక్కుండానే ఉద్యోగం మానేస్తానని అందరి ముందూ అనేశాను. మాస్టారికి అప్పటికే భార్య పోయింది, పిల్లలు లేరు. ఆయన ఓదార్పు మాటలేమీ చెప్పలేదు. ఆ సాయంత్రం సంతనుంచి వస్తుంటే మిరపచేను గట్టు మీద నన్ను ఆపి, నేలకి పాకిన ముళ్లమొక్క ఒకటి చూపించారు.

"గుర్తుపట్టు."

"తెలీదండీ. మా వైపు ఎప్పుడూ చూళ్లేదు."

"పేరెవరడిగారమ్మాయ్? ఇంటిపేరు చెప్పు."

నా సంచిలోంచి వంకాయ తీశారు. చేలోంచి మిరపకాయ తుంచారు. రెంటినీ ఆ ముళ్లమొక్క కాయ పక్కన పెట్టారు. మూడింటికీ ముచ్చిక కాయని వదలకుండా పట్టుకునుంది.

"మీ తాడేపల్లిలో వంకాయ తింటారా?"

"తినకుండా ఉంటామా అండీ! అయితే ఇదీ వంకాయ వాళ్లింటిదేనా?"

"మరి కొత్త ఊరంటావేం? తెలిసినవాళ్లింటికే వచ్చావు. దీని పేరు నేలవాకుడు."

నేను ఉద్యోగం మానలేదు.

అదీ ఆయన పద్ధతి. ఇల్లు మనం చెప్పాలి, పేరు ఆయన చెబుతారు. చెప్పేదాకా ఎంత ఎండైనా గొడుగు నేలకి గుచ్చి అలాగే నిలబడేవారు. ఒకసారి తుత్తురుబెండ మొక్క పసుపుపచ్చ పువ్వుని చూసి "పత్తి!" అని గంతేశాను. పువ్వు విప్పి, కేసరాలన్నీ గొట్టంలా అతుక్కుని ఉండడం చూపించారు. ఆకు నలిపి ఆ జిగురు నా వేలికి రాశారు.

"పత్తి కాదు, పత్తి వాళ్లింటిది. మనిషిని తప్పావు గానీ గుమ్మం తప్పలేదు" అని పకపకా నవ్వారు. ఆయన అంతగా నవ్వడం అరుదు. చీకటిపడే వేళకి మాత్రం నడక నెమ్మదించేది. "ఒక్కడి కోసం పొయ్యి రాజెయ్యాలంటే బద్ధకమమ్మాయ్" అనేవారు.

బదిలీ మీద గుంటూరు వచ్చాక కూడా, పేరు తెలియని కొమ్మ దొరికితే తడిగుడ్డలో చుట్టుకుని దర్శి బస్సెక్కేదాన్ని. కండక్టరు ఆ కబురు చెప్పిన రోజూ నా చేతిలో తడిగుడ్డ ఉంది. అందులో రైలుకట్ట పక్కన కోసిన గులాబిరంగు పువ్వుంది. బస్సెక్కకుండా ఇంటికొచ్చి దాన్ని గ్లాసులో పెట్టాను. కేసరాలు గొట్టంలా ఉన్నాయి. ఆకు నలిపితే జిగురు వచ్చింది.

"పత్తి వాళ్లింటిదండీ" అన్నాను పైకే. పేరు వినడానికి అలవాటుకొద్దీ ఆగాను.

పొద్దుగూకేసరికి పువ్వు ముడుచుకుపోయింది. నేనింకా దాని ఎదురుగానే కూర్చుని ఉన్నాను.