తాళాల కాక దొంగ కాదు

మా పక్క దుకాణం తాళాల కాక పోయిన ఆదివారం పొద్దున చనిపోయాడు. చాయ్ తాగుతూ గుండె పట్టుకుని ఒరిగిపోయాడని చిన్నమ్మ ఫోన్ చేసి చెప్పింది. నిజామాబాద్ బస్టాండ్ వెనక సందులో ఆయన చేత తాళంచెవులు చేయించుకున్నవాళ్లు మీలో చాలామందే ఉంటారు. ఆయన దొంగ కాదు. ముందు ఈ మాట రాసి, మిగతాది తర్వాత రాస్తాను.

నాది జిరాక్స్ షాపు. మా రెండు దుకాణాలకూ మధ్య ఒకటే గోడ. రక్తసంబంధం లేకపోయినా ఆయన నాకు కాక, ఆయన భార్య చిన్నమ్మ. మొదట్లో బీరువాలకు, స్కూటర్లకు ఆకురాయితో చెవులు అరగదీసేవాడు. తర్వాత చిప్పు చెవుల కార్లొచ్చాయి. అచ్చం అలాంటి చెవే కోసిచ్చినా తలుపు తెరుచుకుంటుంది గానీ, కారులోని కంప్యూటర్ ఆ చిప్పును గుర్తుపడితే తప్ప ఇంజన్ కదలదు. షోరూంకు పోతే వారాల తరబడి తిప్పేవారు. కాక హైదరాబాద్ పోయి పాత ల్యాప్‌టాప్, ఒక కేబుల్, సాఫ్ట్‌వేర్ సీడీ తెచ్చుకున్నాడు. స్టీరింగ్ కింద కేబుల్ పెట్టి, కొత్త చెవిని కారుకు నేర్పేవాడు. పోయిన చెవిని కారు జ్ఞాపకంలోంచి చెరిపేసేవాడు, దొరికినవాడు బండి ఎత్తుకుపోకుండా. తెర మీది ఇంగ్లీషు చదివి చెప్పడం నా పని.

ఆయనకో పట్టుదల ఉండేది. ఆర్సీ ఒక్కటే చూపిస్తే చెవి చేసేవాడు కాదు. ఇంట్లోవాళ్లు ఎవరైనా రావాలి, ఆడవాళ్లయితే మరీ మంచిది. నేను విసుక్కుంటే ఒకటే మాట చెప్పేవాడు.

"బండి ఎవలదో కాయిదం చెప్తది బిడ్డా. చాబీ ఎవలకియ్యాల్నో ఇంటోళ్లు చెప్తరు."

నవీపేట్ పసుపు రైతు ఒకాయన వస్తే, పోయి మీ అమ్మను తోలుకరమ్మన్నాడు. ఆ రైతు తిట్టుకుంటూ పోయి తీసుకొచ్చాడు. పాత చెవులన్నీ చెరిపేయాలా అని తెర అడిగినప్పుడు కాక ఆ మాటే తెలుగులో ముసలమ్మను అడిగాడు. కొత్త చెవిని మొదట ఆమె చేతే తిప్పించాడు. ఆమె స్టీరింగ్‌కు దండం పెట్టి తిప్పింది, ఇంజన్ మోగగానే ఉలిక్కిపడి కొడుకును కసిరింది. కాక నవ్వి నవ్వి కండ్లు తుడుచుకున్నాడు. ఆ నవ్వు గోడ ఇవతలికి కూడా వినిపించేది.

అలాంటి మనిషిని ఏం చేశారో వినండి. బోధన్ చక్కెర వ్యాపారి ఒకాయన కారు పోయింది. తాళం పగల్లేదు, అద్దం పగల్లేదు. తమ దగ్గర కాకుండా ఆ మిషన్ ఊళ్లో కాక ఒక్కడి దగ్గరే ఉందని షోరూం మేనేజర్ పోలీసులకు చెప్పాడు. వాళ్లు పట్టపగలు, బజారంతా చూస్తుండగా కాకను ల్యాప్‌టాప్‌తో సహా జీపెక్కించారు. చేతిలో ఆకురాయి కింద పెట్టే తీరిక కూడా ఇవ్వలేదు.

కారు నాందేడ్‌లో దొరికింది. తీసుకుపోయింది ఆ వ్యాపారి బామ్మర్దే. కాగితాల జిరాక్సులు చూపిస్తే అదే షోరూం అతనికి రెండో చెవి ఇచ్చింది. ఇంటికి ఒక్క ఫోన్ చేసి అడగలేదు. జిరాక్స్ కాగితం ఎంతటి సాక్ష్యమో నాకు తెలుసు, పొద్దంతా తీసేది నేనే కదా. దొంగకు తాళం ఇచ్చినవాళ్లు ఏసీ గదిలో కూర్చున్నారు, ఇవ్వనివాడు స్టేషన్‌లో నేల మీద కూర్చున్నాడు.

కాకను వదిలేశారు, పొమ్మన్నారు, అంతే. ల్యాప్‌టాప్ ఎన్నో నెలలకు గానీ తిరిగి రాలేదు. తెరిస్తే సాఫ్ట్‌వేర్ గడువు దాటిందని వచ్చింది. ఆ మాట కూడా నేనే చదివి చెప్పాను. మళ్లీ తెచ్చుకొమ్మంటే తల అడ్డంగా ఊపాడు. చిన్నమ్మ పాత చీర ముక్క దాని మీద కప్పేసి, మళ్లీ బీరువా తాళాలకు తిరిగాడు. రాత్రికి ఏ బండి కాకా అని చాయ్ బండి దగ్గర పోరగాళ్లు నవ్వేవారు. ఆయన నవ్వు మాత్రం గోడ ఇవతలికి రావడం ఆగిపోయింది.

నాకు ఆయన మీద కూడా కోపమే. పోయి ఆ మేనేజర్‌ను నిలదీయమని ఎన్నిసార్లు పోరుపెట్టానో. చివరికి ఒకరోజు తలెత్తకుండానే చెప్పాడు.

"అడిగితే ఏమంటడు బిడ్డా, లోపల కూసోవెట్టి సారీ అంటడు. బజార్ల పోయిన ఇజ్జత్ గదిల అస్తదా?"

చచ్చినవాడి కళ్లు చారెడంటారు. అంత్యక్రియలైన మర్నాడు ఆ మేనేజరే పెద్ద బంతిపూల దండ పట్టుకుని దుకాణానికి వచ్చాడు. ఊరు మంచి పనివాణ్ని పోగొట్టుకుందని నాతో అన్నాడు. నేను నోరు తెరిచేలోపే, లోపల కాక ఫొటో ముందు దీపం పెడుతున్న చిన్నమ్మ గడప మీదికి వచ్చి నిలబడింది. ఆమె గొంతు పెంచలేదు.

"బజార్ల పడేసిన మాట బజార్లనే తీస్కో సారూ. దొంగ గాదని అందరు ఇనేటట్టు చెప్పు. గప్పుడు లోపలికొచ్చి పూలెయ్యి."

చాయ్ బండి దగ్గర గ్లాసుల చప్పుడు ఆగింది. ఆయన అటు చూశాడు, ఇటు చూశాడు. దండ షట్టర్ పిడికి తగిలించి, కారెక్కి వెళ్లిపోయాడు.

అది ఇంకా అక్కడే ఉంది. రోజూ పొద్దున చిన్నమ్మ వచ్చి, కింద రాలిన ఎండు రేకులు ఊడ్చి పోస్తుంది. దండను మాత్రం ముట్టుకోదు.