ఫాస్టు గడియారం, పుట్టింటి చీర

ఇంగ్లీషు పాఠాలు చెప్పినన్నాళ్ళూ ఒక్క మాట దగ్గర నేను పిల్లలకి సగమే చెప్పాను. ఆ మాట ఫాస్ట్.

దానికి అర్థం అడిగితే క్లాసు మొత్తం వేగం అనేది. "అంతేనా?" అని నేను బోర్డు వైపు తిరిగేదాన్ని. పూటంతా తినకుండా ఉంటే ఫాస్ట్. ముడి బిగిస్తే ఫాస్ట్. ఎన్నిసార్లు ఉతికినా దిగని రంగు ఫాస్ట్. పక్కన బాజాలు మోగినా తెలివి రాని నిద్ర ఫాస్ట్. చుట్టరికం లేనివాళ్ళంతా ఒకే వాటాలో అద్దెకి దిగినట్టు ఇన్ని అర్థాలూ ఆ పిసరంత మాటలో సర్దుకుని ఉంటాయి. పరిగెత్తేదీ ఫాస్టే, కదలకుండా పట్టుకునేదీ ఫాస్టే అంటే పిల్లలు నవ్వేవారు. "ఇంకా ఉన్నాయా టీచర్?" అని ఎవరో ఒకరు అడిగేవారు. లేవనేదాన్ని.

ఉంది. గడియారం అసలు టైము కన్నా ముందు నడిస్తే అదీ ఫాస్టే. నిజానికి నాకు ఆ మాట తెలిసింది ఆ అర్థంతోనే, బడికి వెళ్ళకముందే. బోర్డు మీద అది మాత్రం రాసేదాన్ని కాదు. జరిగిన తప్పు నాది కాదు, మా నాన్నది. ఆయనది కూడా అవునో కాదో ఇన్నేళ్ళయినా తేల్చుకోలేకపోయాను.

అరవైల చివరి మాట. ఆమదాలవలస స్టేషన్ రోడ్డులో మాది బట్టల కొట్టు. ముందు కొట్టు, వెనక ఇల్లు, మధ్యలో ఒక తలుపు. నాన్న, అమ్మ, నాయనమ్మ, నేను. పల్లెల నుంచి ధాన్యం అమ్ముకోవడానికి వచ్చిన రైతులు పనిలో పనిగా మా దగ్గర బట్టలు కొనుక్కుని రైలెక్కేవారు. బేరంలో పడితే వాళ్ళకి బండి గుర్తుండేది కాదు. ఒక చీర కోసం అర మొత్తం దింపించి, చివరికి కూత విని మూటలు పట్టుకుని పరిగెత్తేవారు. అది చూడలేక మా తాత ఎప్పుడో గోడ గడియారాన్ని పది నిమిషాలు ముందుకి తిప్పి పెట్టాడు.

మంచి పనే. కానీ నాలుగు సంతలు తిరిగేసరికి సంగతి అందరికీ తెలిసిపోయింది. గడియారం కేసి చూడడం, మనసులో పది తీసెయ్యడం, మళ్ళీ బేరంలో కూరుకుపోవడం. "సావుకారి గడియారం ఫాస్టు, పది తీసీయి" అని అత్తలు కొత్త కోడళ్ళకి మా అరుగు మీదే నేర్పేవారు. మా తాత ఉపాయం వల్ల ఎవరికీ లాభం కలగలేదు, నష్టమూ కలగలేదు. ఆయన పోయాక నాన్న దాన్ని అలాగే ఉంచాడు.

నాన్నకి ఇంగ్లీషు రాదు. కొత్త చీరలు దిగినప్పుడు అంచు మీద ముద్ర నేనే చదివి చెప్పాలి. హైస్కూల్లో చదువుతున్నానని నాకు కొంచెం తల ఎగిరింది కూడా. "ఫాస్ట్ కలర్" అని చదివితే, "మన గడియారంలాగ ముందుకెల్లిపోయే రంగేటమ్మా?" అనేవాడు. ఉపవాసాన్ని కూడా ఫాస్ట్ అంటారని ఒక సోమవారం నాయనమ్మకి చెప్పాను. "ఉపాసంతో నాను లెగనేకపోతంటే బేగి బేగి అంటావేటే?" అంది. అమ్మ వంటింట్లోంచి నవ్వింది. ఆ మాట మీద మా ఇంట్లో నవ్వుకున్న రోజులు అవే.

ఒకసారి బదిలీ మీద కొత్తగా వచ్చిన ఉద్యోగి ఒకాయన పంచెల చాపు కొంటూ, తన చేతి గడియారం చూసుకుని, "గడియారమే అబద్ధం చెప్పే కొట్లో మీటరు కర్ర నిజం చెబుతుందని ఏమిటి నమ్మకం?" అన్నాడు. సరదాకే అన్నాడేమో. కొలిచిన ప్రతిసారీ వేలెడు గుడ్డ ఎక్కువ వదిలే మా నాన్నకి అది ముల్లులా దిగిపోయింది. అన్నం ముందు కూర్చుని కూడా ఆ మాటే తలచుకునేవాడు. ఆ తర్వాత కొద్ది రోజులకే స్ప్రింగు తెగి గడియారం ఆగిపోయింది. బాగు చేయించి తెచ్చాక నాన్న స్టేషన్ గడియారంతో సరిచూసి, ఉన్న టైముకే పెట్టాడు. నాకు చెప్పలేనంత సంతోషం. బళ్ళో ఆడపిల్లలు మా గడియారం మీద వేళాకోళాలు ఆడేవారు, ఇక ఆడరు కదా అనుకున్నాను. ఆ సంతోషం గుర్తొస్తే ఇప్పటికీ సిగ్గుతో ఒళ్ళు చచ్చిపోతుంది.

నాన్న అజాగ్రత్త మనిషి కాదు. వచ్చిన ప్రతివారికీ బేరం కన్నా ముందు ఆ సంగతే చెప్పేవాడు. "గడియారం సరిసేసాను, ఇంక పది తియ్యకండి." విన్నవాళ్ళు నమ్మలేక మళ్ళీ అడిగేవారు, ఆయన మళ్ళీ చెప్పేవాడు. ఒక్క మనిషికి చెప్పలేదు. చెప్పకూడదు కనక చెప్పలేదు.

మా వైపు ముత్తయిదువ పోతే పుట్టింటి చీర కప్పి సాగనంపాలి. అన్నదమ్ములు ఎంత దూరాన ఉన్నా, ఎంత లేనివాళ్ళయినా ఆ చీర పట్టుకుని రావాలి. దానికోసం వచ్చిన మనిషితో మా కొట్లో ఎవరూ మాట్లాడరు. అది తాత పెట్టిన కట్టుబాటు. రమ్మనరు, కూర్చోమనరు. ఏ రకం కావాలని అడగరు. ఎరుపో పసుపో ఒకటి తీసి, మడత విప్పకుండా ముందు పెడతారు. బేరం ఉండదు. వెళ్ళేటప్పుడు మళ్ళీ రమ్మనరు. మామూలుగా గుక్క తిప్పుకోకుండా మాట్లాడే నాన్న ఆ ఒక్క బేరానికి మూగవాడైపోయేవాడు.

ఆ రోజు మిట్టమధ్యాహ్నం వచ్చినతను మాకు తెలిసిన రైతే. నాగావళి అవతల పల్లె. ఏళ్ళుగా మా దగ్గరే కొంటాడు. బడికి సెలవేమో, నేను మధ్య తలుపు దగ్గర నిలబడి ఉన్నాను. అతను చెప్పులు విడిచి లోపలికొచ్చి, "కోటబొమ్మాలి కాడ మా అప్ప పోనాది. పుట్టింటి సీర" అన్నాడు. అక్కని మా వైపు అప్ప అంటారు. నాన్న ఒక ఎర్ర చీర తీసి ముందు పెట్టాడు. నేను చదివి చెప్పిన ముద్ర ఉన్న చీరే. అతను దాన్ని చంకలో పెట్టుకుని గడియారం కేసి చూశాడు. పెదాలు కదిలాయి. తర్వాత గోడకి జారగిలబడి చాప మీద కూర్చుని కళ్ళు మూసుకున్నాడు.

నాన్న అతన్నే చూస్తున్నాడు. కబురు విన్న దగ్గర్నుంచి నడిచి వచ్చినవాడు, కాస్త ఊపిరి తీసుకుంటున్నాడనుకున్నాడట. కదిలించడం మర్యాద కాదనుకున్నాడట. పెదాలు కదిలితే దేవుణ్ణి తలచుకుంటున్నాడని నేననుకున్నాను. మాలో ఒక్కరికీ అతను పది తీస్తున్నాడని తట్టలేదు.

కూత వినపడింది. అతను కళ్ళు తెరిచి గడియారం చూసి, ఏ గూడ్సు బండో అనుకుని, తాపీగా లేచి చెప్పుల కోసం వంగాడు. అప్పుడు నాన్నకి తట్టింది. నోరు తెరిచాడు. "బాబూ, గడియారం సరిసేసాను. అది నీ బండే."

అతను చెప్పులు వదిలేసి పరిగెత్తాడు. గల్లాపెట్టె తెరిచి ఉండగానే నాన్న కూడా వెనకాల పరిగెత్తాడు. వాళ్ళు చేరేసరికి ప్లాట్‌ఫారం ఖాళీ అయిపోయిందట. అటు వెళ్ళే బండి మళ్ళీ సాయంత్రం దాకా లేదు. నాన్న ఊరంతా తిరిగి, టెక్కలి వైపు పోయే మిల్లు లారీ ఒకటి పట్టుకుని, బస్తాల మీద అతన్ని ఎక్కించి వచ్చాడు. అతని చెప్పులు మా అరుగు కిందే ఉండిపోయాయి. "అందుతాదిలే" అన్నాడు అమ్మతో. అన్నం వద్దన్నాడు. పొద్దు వాలిందాకా వీధిలో నిలబడి ఆకాశం కేసి చూస్తూనే ఉన్నాడు.

అందలేదు. పదో రోజు ముగిశాక అతనే వచ్చి చెప్పాడు. ఆ చీర చంకలో అలాగే ఉంది.

"పొద్దోలీదాక సూసినారు, సావుకారూ. సీకటడిపోతాదని అత్తోరి సీరే కప్పి తీసుకెల్లిపోనారు. నానెల్లీసరికి మంట లేసిపోనాది." ఎవరింట్లోనో జరిగిన సంగతి చెబుతున్నట్టు చెప్పాడు. నాన్న ఏదో అనబోతే ఆపేశాడు. "గడియారానికేటి తెల్సు. లెక్క ఏసుకున్నోన్ని నాను."

తిట్టి ఉంటే నాన్న తట్టుకునేవాడు. అతను తిట్టలేదు. చీర తీసి చాప మీద పెట్టాడు. "ఇది ఇంట్లో ఎట్టొద్దంటాది మా ఆడది. బతికున్నోలు కట్టే సీర కాదు. నీ కాడే ఉండనీ." నాన్న గల్లాపెట్టె మీద చెయ్యి వేస్తే తల అడ్డంగా ఊపి, అరుగు కింద తన చెప్పులు వెతుక్కుని వెళ్ళిపోయాడు.

నాన్న ఆ చీరని ఉతికిన పంచెలో చుట్టి అన్నింటికన్నా పై అరలో పెట్టాడు. కుర్చీ ఎక్కి గడియారాన్ని మళ్ళీ పది నిమిషాలు ముందుకి తిప్పాడు. సోమవారాలు నాయనమ్మతో పాటు ఉపవాసం మొదలుపెట్టాడు. భక్తి ముదిరిందని అమ్మ అనుకుంది. నేను ఒకసారి అడిగితే, "ఆ మనిషి ఆవేల ఏటీ తినకండానే వచ్చుంటాడమ్మా. కూసోమని కూడా అన్లేదు నాను" అన్నాడు. అప్పట్నుంచి ఆ ఇంగ్లీషు మాట మీద ఎవరం హాస్యాలాడలేదు.

అతను మా కొట్టుకి రావడం మానలేదు. అదే కష్టమైపోయింది. అతను కనపడగానే నాన్న మంచి చాప వేయించేవాడు, మజ్జిగ తెప్పించేవాడు, కొన్నదానికి రెండింతలు గుడ్డ చింపేవాడు. ఒకరోజు అతను మజ్జిగ గ్లాసు పక్కన పెట్టేసి, "ఇంత మరేద సెయ్యకు, సావుకారూ. నాకు అదే గెపకమొస్తాది" అన్నాడు. నాన్న ఆ తర్వాత అది కూడా మానేసి, అతని ముందు తల వంచుకుని కూర్చునేవాడు.

రెండేళ్ళు తిరక్కుండా మా అమ్మ పోయింది. నాలుగు రోజుల జ్వరం. ఆవిడ పుట్టిల్లు బొబ్బిలి. ఒక్కతే కూతురు. అమ్మానాన్నలు ఎప్పుడో పోయారు, ఆ ఇల్లు అమ్ముడైపోయింది. వరసకి అన్నదమ్ములయ్యేవాళ్ళు ఎక్కడున్నారో మాకే తెలీదు. అరల నిండా చీరలున్న కొట్టు మాది. అందులో ఒక్కటీ పనికిరాదు. ఎన్ని ఉన్నా అన్నీ అత్తవారి చీరలే. నాన్న అరుగు మీద కూర్చుని రోడ్డు కేసి చూస్తున్నాడు. ఎవరు వస్తారని చూస్తున్నాడో ఆయనకీ తెలీదు. పొద్దు తిరుగుతోందని ఆడవాళ్ళు గుసగుసలు మొదలుపెట్టారు.

అప్పుడు అతను వచ్చాడు. సంతలో ఎవరో చెప్పారట. చేతులు ఖాళీ. నాన్న ముందు నిలబడి, "నాదొకటి నీ కాడున్నాది గదా, తియ్యి" అన్నాడు.

నాన్నకి మొదట అర్థం కాలేదు. అయ్యాక, "అది మీ అప్పది" అన్నాడు.

"అప్పకి అందనేదు. ఈ తల్లికి అన్నదమ్ములు నేరంట గదా. నాను కప్పతాను. నీకు కులం అడ్డమైతే సెప్పు, ఎల్లిపోతాను."

చుట్టాల్లో ఎవరో గొంతు సవరించుకున్నారు. నాయనమ్మ లోపలి నుంచి, "కప్పనీరా" అంది.

నాన్నే కుర్చీ ఎక్కి చీర దింపాడు. మొదటిసారి దాని మడత విప్పారు. ఎరుపు కొన్ననాడు ఎలా ఉందో అలాగే ఉంది, అంచు మీద ముద్ర కూడా చెరగలేదు. నాన్న దాన్ని అతని చేతికిచ్చి గోడ వైపు తిరిగిపోయాడు.

అంతా అయిపోయి, స్నానాలు చేసి వచ్చాక నాన్న నన్ను దగ్గరికి పిలిచాడు. "నా తప్పు మీ యమ్మ కట్టుకెల్లిపోనాదే" అన్నాడు. ఆయన ముఖం ఆ రెండేళ్ళలో మొదటిసారి తేటగా కనిపించింది. నాకు ఒళ్ళు మండింది. అమ్మ పోయిన పూట కూడా ఈయనకి ఆ చీర గొడవేనా అనుకున్నాను. అనేద్దామనే నోరు తెరిచాను. కానీ నా నోట్లో అంతకన్నా పెద్ద మాట ఉంది. అది పైకి రాకుండా మింగేశాను. ఆయన బతికినంత కాలమూ మింగుతూనే ఉన్నాను.

చీర కప్పుతున్నప్పుడు నేను అమ్మ పాదాల దగ్గర ఉన్నాను. అతను వంగి, భుజాల మీంచి కాళ్ళ దాకా మెల్లగా సవరించాడు. అతని కళ్ళు మా అమ్మని చూడడం లేదు. ఎవరికీ వినపడకూడదన్నట్టు చాలా చిన్నగా అన్నాడు.

"అప్పా, ఆలీసమైపోనాదే."